పదకొండో చుక్క

ఈ గదిలో గోడ గడియారం నాలుగు నిమిషాలు వెనకుంది. వచ్చి కూర్చోగానే నా చేతి గడియారంతో సరిచూసుకున్నాను. నా అలవాట్లు నన్ను ఎక్కడా వదలవు. గోడలకు ఆనించి మూడు బెంచీలు, మూల స్టూలు మీద నీళ్ళ కూజా, దానిమీద బోర్లించిన గ్లాసు, గ్లాసుకి గొలుసు. లోపలి గది తలుపు పక్కన చిన్న బల్ల, బల్లమీద హాజరు పుస్తకం, దాని వెనక కునుకు తీస్తున్నట్టే ఉండి అన్నీ వింటున్న బంట్రోతు. లోపల విచారణ జరుగుతోంది. కూలిన వంతెన గురించి, పోయిన ఏడుగురి గురించి, అది కూలడానికి నాలుగు నెలల ముందు మా ఇంటి నుంచి వెళ్ళిన ఒక ఉత్తరం గురించి. పన్నెండింటికి నన్ను పిలుస్తారు. అడగబోయేది ఒక్కటేనని ప్లీడరు గారు పొద్దున కారులో చెప్పారు. మీవారి ఉత్తరాల్లో సంతకం కింద చుక్క ఉంటే ఒక అర్థం, లేకపోతే ఇంకో అర్థం అంటున్నారు, నిజమేనా? నాకు తెలియదండీ అనాలి. రెండే మాటలమ్మా, మూడోది వద్దు, అన్నారాయన, మందు మోతాదు చెప్పినట్టు. ముందు సీట్లో ఉన్న మావారు వెనక్కి తిరగలేదు. రోడ్డు పక్కన ఎవరో నమస్కారం పెడితే అద్దం దించి చెయ్యి ఊపారు. నన్ను ఇక్కడ దింపి పార్టీ ఆఫీసుకి వెళ్ళిపోయారు. సోమవారం ఆయన మంత్రిగా ప్రమాణం చేయాలి.

ఎదుటి బెంచీ మీద ఆ వంతెన చూసే ఇంజనీరు కూర్చున్నాడు. తొమ్మిదేళ్ళుగా అతని గొంతు తెలుసు, మనిషిని దగ్గరగా చూడటం ఇదే మొదలు. సన్నగా, నిటారుగా ఉంటాడని మావారు అతనికి కొలబద్ద అని పేరు పెట్టారు. ఇంట్లో మేమిద్దరం ఆ పేరుతోనే అనుకునేవాళ్ళం. కొలబద్ద ఫోను చేశాడు, కొలబద్ద ఒప్పుకున్నాడు. ఇప్పుడతని భుజాలు ముందుకు వంగి ఉన్నాయి. తెల్లచొక్కాకి మూడో గుండీ పసుపు దారంతో కుట్టి ఉంది. ఇంట్లో తెల్లదారం అయిపోయి ఉండాలి, లేదా కుట్టినవాళ్ళ మనసు అక్కడ ఉండకపోవాలి. ఆరు నెలలుగా ఉద్యోగం లేదు, సస్పెన్షను. ఈ విచారణ తేలితే జైలు. శాసనసభ్యుడు అంత వివరంగా ఉత్తరం రాసినా కదలని అధికారి అని పేపర్లు అతని ఫొటో వేశాయి. చుక్క లేని ఉత్తరాన్ని పక్కన పెట్టాలన్నది మా అందరికీ తెలిసిన పద్ధతండీ అని అతను చెప్పుకున్నాడట. నలభై పాత ఉత్తరాలు తెచ్చి చూపించాడట. ప్లీడరు గారు వాటిని వెలుతురుకి ఎత్తి పట్టుకుని, ఇంకు మరకలు చూపించి జాతకాలు చెబుతున్నాడీయన అంటే లోపలున్నవాళ్ళంతా నవ్వారట.

ఇంకు మరకలు. మావారికి కలం మీద ఎంత ప్రేమో వీళ్ళకేం తెలుసు. పెళ్ళయిన కొత్తలో ఆయన కోర్టు గోడ పక్కన బల్ల వేసుకుని అర్జీలు రాసేవారు. నాకు డిగ్రీ పరీక్షల ఫలితాలు వచ్చి నెల. సాయంత్రం చిత్తుకాగితాలు ఇంటికి తెచ్చి వంటింటి గడప మీద కూర్చుని చదివి వినిపించేవారు. అయ్యా, మా బాధలు వర్ణనాతీతం, అని మొదలుపెట్టేవారు. నేను బియ్యంలో రాళ్ళు ఏరుతూ, అర్జీలో ఏడుపు ఉండకూడదండీ, కొలత ఉండాలి, అనేదాన్ని. ఇంట్లోకి నీళ్ళొచ్చాయి అంటే ఎవరూ కదలరు. మోకాలి దాకా, మూడు రోజులు, పొయ్యి మునిగింది, అని రాయండి. రాశారు. పనులు అయ్యాయి. ఆ బల్ల ముందు జనం బారులు తీరారు, ఆ జనమే ఆయన్ని నిలబడమన్నారు. మొదటిసారి రెండు వందల పన్నెండు ఓట్లతో ఓడారు, రెండోసారి గెలిచారు. గెలిచిన కొత్తలో ఏ ఉత్తరమైనా తనే పట్టుకెళ్ళేవారు, పని అయ్యేదాకా ఆ అధికారి గది ముందు నుంచి లేచేవారు కాదు. ఒకసారి ఒక ముసలాయన పెన్షను కోసం రెండు పగళ్ళు అలాగే కూర్చుని, చెప్పులు ఎవరో ఎత్తుకుపోతే ఉత్తకాళ్ళతో ఇంటికొచ్చి, పని అయిందోయ్ అని పిల్లాడిలా నవ్వారు. కాళ్ళకి నీళ్ళిస్తే అరికాళ్ళ నిండా బొబ్బలు. ఆ మనిషి ఉండేవాడు. నేను చూశాను. లేడని ఎవరన్నా ఒప్పుకోను, ఇవాళ కూడా.

చుక్క అప్పుడే పుట్టింది, అదీ మంచికే పుట్టింది. రోజుకి అరవై ఉత్తరాలు అడిగేవాళ్ళు. కాదంటే ఓటు పోతుంది, ఔనంటే మాట పోతుంది. ఒక అధికారి నవ్వుతూనే అన్నాడట, అన్నీ అత్యవసరమేనని రాస్తే మాకు ఏదీ అవసరం అనిపించదండీ. ఆ రాత్రి అన్నం ముందు కూర్చుని ఆయన చాలాసేపు కలిపిందే కలుపుతూ, నిజంగా కావలసినదానికి ఒక గుర్తు పెడితే, అన్నారు. ఏం గుర్తండీ అన్నాను. కంచం అంచున అంటుకున్న మెతుకు చూపించి, ఇంత, అన్నారు. నెలకి పది. అంతకు మించితే విలువ పోతుంది. మొదట ఆ పదీ దిక్కులేనివాళ్ళవే. తర్వాత ఎనిమిది దిక్కులేనివాళ్ళవి, రెండు కావలసినవాళ్ళవి. రెండో గెలుపు తర్వాత సగం సగం. పార్టీ మారాక, ఆ పార్టీ మళ్ళీ గెలిచాక, ఎటు నుంచి ఎటు తిరగబడిందో నాకు గుర్తులేదు. ఉప్పు నీళ్ళలో కరిగినట్టే కరిగింది, ఏ రోజున అని అడిగితే ఏం చెప్పను. సంతకం నా చేతికి ఎలా వచ్చిందో మాత్రం బాగా గుర్తు. కారు తలుపులో పడి ఆయన కుడి బొటనవేలు నలిగింది. రెండు నెలలు కట్టు. నువ్వే గీకెయ్ అన్నారు. ఆయన ఇంటిపేరు మొదటి అక్షరం పడవలా వంగుతుంది, చివర తోక లేస్తుంది. మూడు రోజులు పాత పేపరు అంచుల మీద సాధన చేశాను. నాలుగో రోజు నా సంతకాన్ని ఆయనే తనదనుకున్నారు. వేలు నయమైంది. సంతకం తిరిగి తీసుకోలేదు. పదహారేళ్ళు. సభలో ఆయన మాట్లాడేవారు, ఇంట్లో నేను ఆయనయ్యేదాన్ని. ఒక నెల మనసాగక పన్నెండు చుక్కలు పెట్టాను. ఆయన చెప్పిన పనులే రెండు ఆగిపోయాయి. చుక్కంటే దోమకాటు అనుకున్నావా, ఒంటినిండా పెట్టడానికి, అన్నారు. ఆ తర్వాత నెలకి పది అంటే పదే. కొలత గిన్నె మీద గీత దాటనివ్వని చెయ్యి నాది.

"మంచినీళ్ళు తాగుతారా అమ్మా?"

నా పక్కన కూర్చున్న ఆమె. అడుగుతూనే లేచి గొలుసు లాగి గ్లాసు కడిగి నీళ్ళు తెచ్చింది, గొలుసు అందినంత దూరం వచ్చి అక్కడ నిలబడింది, నేనే లేచి వెళ్ళి తాగాను. ఆమె కుట్టుపని చేస్తుంది. కాలవ అవతల, మిల్లు వెనక రెండు గదుల ఇల్లు, కిటికీ కింద మిషను. నేను ఎప్పుడూ చూడలేదు, ఆమే చెప్పింది. వంతెన బాగుచేయించమని మా ఇంటికి వచ్చింది ఆమే. కూలిన రోజు దానిమీద నడుస్తున్న ఏడుగురిలో ఆమె కూతురు ఒకతి. ఆమె ఒళ్ళో సంచీ, సంచీలో మావారి ఉత్తరం నకలు, చెమట తగలకుండా ప్లాస్టిక్ తొడుగు వేయించింది. వచ్చినప్పటి నుంచి రెండుసార్లు తీసి చూపించింది, నేనే రాసిన ఉత్తరాన్ని నాకు. ఇందాక ఇంజనీరు లోపలికి రాగానే మొహం తిప్పుకుని, నా చెవి దగ్గరకి వంగి, మీరు చెయ్యాల్సింది మీరు చేశారమ్మా, చేతికొచ్చిన కాగితాన్ని తొక్కిపెట్టినోడి మొహం ఎలా ఉంటుందో చూద్దామని వచ్చాను, అంది. ఆమె ఒళ్ళు సుద్దముక్కల వాసన వేస్తోంది. బట్టమీద గీతలు గీసే సుద్ద.

ఆ రోజు కూడా అదే వాసన. ఇరవై మూడో తేదీ. తేదీ ఎందుకు గుర్తంటే నెలాఖరుకి ఇంకా వారం ఉంది, పదో చుక్క ఆ పొద్దునే అయిపోయింది. పొద్దున పదింటికి మా చెల్లి వచ్చింది. వాళ్ళాయన బదిలీ కోసం. రోజూ రెండు బస్సులు మారి ఉద్యోగానికి వెళ్తున్నాడు, ఇంటికొచ్చి చిరాకుపడుతున్నాడు. చిరాకు, అంతే. ప్రాణం మీదికేం రాలేదు. బావగారు చుక్కేస్తే వారంలో అయిపోతుందటగా అక్కా, అని నవ్వింది. దానికెలా తెలిసింది అనుకున్నాను, తర్వాత తెలిసింది ఊళ్ళో సగం మందికి తెలుసని, తెలియనిది చుక్క కావలసినవాళ్ళకేనని. మావారు సభ సమావేశాల్లో ఉన్నారు. అడగాలనుకుంటే ఫోను ఉంది. అడగలేదు. పదహారేళ్ళలో నా వాళ్ళ కోసం నేనేం చేసుకున్నాను అని ఒక చిన్న ఉక్రోషం, చీర అంచుకి పట్టుకున్న ముల్లులాంటిది. పెట్టాను. పదోది. చెల్లి కాఫీ తాగి వెళ్ళింది. పన్నెండింటికి ఈమె వచ్చింది. రెండు గంటలు. ఈమె ముందు వచ్చి, చెల్లి తర్వాత వచ్చి ఉంటే అని ఈ పది నెలల్లో ఎన్నిసార్లు ఆ రెండు గంటల్ని తిరగేసి కుట్టుకున్నానో.

వచ్చి నేలమీద కూర్చోబోతే కుర్చీ చూపించాను. ఏడవలేదు. మెడలో కొలతల టేపు అలాగే ఉంది, తీయడం మరిచిపోయి వచ్చింది. వంతెన మధ్యలో కుంగుతోందమ్మా, అందరూ మాటలే చెబుతున్నారని నేనే కొలిచాను, అంది. వంతెన పక్క కటకటాల పైకమ్మీకి ఈ చివర నుంచి ఆ చివరకి దారం లాగి కట్టి, మధ్యలో ఆ దారానికీ ఇనుముకీ ఎంత ఖాళీ ఉందో ఈ టేపుతో ఎనిమిది రోజులు వరసగా చూసిందట. మొదటి రోజు నాలుగంగుళాలు, ఎనిమిదో రోజు నాలుగూ ముప్పావు. కిందవైపు బోల్టులు పధ్నాలుగు లేవు. లేనిచోట సుద్దతో గుండ్రాలు చుట్టింది. నా ఒళ్ళు జలదరించింది, భయంతో కాదు, ఆనందంతో. ఇన్నేళ్ళలో నా ముందుకొచ్చిన అర్జీలన్నిటిలో ఏడుపు లేకుండా కొలతతో వచ్చింది ఇదొక్కటే. ఎంత ఇష్టంగా రాశానో ఆ ఉత్తరం. అంగుళాలు, తేదీలు, బోల్టులు, పొద్దున మిల్లు కూత వేళకి ఒకేసారి దాటే మనుషులు సుమారు నలభై. మరమ్మతు అయ్యేవరకు రాకపోకలు ఆపాలి, అని ఒక వాక్యం విడిగా. రెండుసార్లు చదువుకున్నాను. ఒక్క మాట తీసేయడానికి లేదు. పడవలా వంగే అక్షరం, లేచే తోక. కలం మొన సంతకం కిందకి వచ్చి ఆగింది. అక్కడ ఆగిందని నాకు తెలుసు, నేనే ఆపాను. పది అయిపోయాయి. పైనెల ఒకటో తేదీన ఇంకో ఉత్తరం రాద్దాం, దానికి పెడదాం, అనుకున్నాను. ఇంత బాగా రాశాక చుక్క లేకపోయినా ఎవరికైనా పట్టకపోదు, అని కూడా అనుకున్నాను. ఆమె ఉత్తరాన్ని కళ్ళకద్దుకుని, మీ చేతి రాత ముత్యాలమ్మా, అంది. ఒకటో తేదీ వచ్చింది. పదిమందీ వచ్చారు. మరిచిపోయాను.

ఇంజనీరు నావైపు చూస్తున్నాడు. చూసి కళ్ళు దించుకున్నాడు. ఉత్తరం అందిన రోజున ఫోను చేశాడు. ఈ సంగతి ప్లీడరు గారికి తెలియదు, మావారికి తెలియదు, ఏ కాగితంలోనూ లేదు. మేడమ్, వంతెన ఉత్తరం వచ్చింది, అన్నాడు. ఊఁ అన్నాను. కొలతలు చూస్తే నాకు కొంచెం, అని ఆగాడు. చుక్క అనే మాట మేమెవరం ఎప్పుడూ పైకి అనేవాళ్ళం కాదు. మామూలు ఉత్తరమేనా మేడమ్, పక్కన ఉంచమంటారా, అన్నాడు. పొయ్యి మీద పాలున్నాయి. పాలు పొంగుతాయన్న తొందరలో అనేశానని ఈ ఆరు నెలలూ నాకు నేను చెప్పుకున్నాను. పాలు పొంగలేదు. వెళ్ళి చూస్తే ఇంకా మీగడైనా కట్టలేదు. అంత తీరిక ఉంది నాకు. వద్దు, చూడండి అంటే చూసేవాడు, పదకొండో చుక్క నోటిమాటతోనే పడిపోయేది. కానీ లెక్క తప్పుతుంది, ఆయన అడుగుతారు, పదోది ఎవరికి వెళ్ళిందో చెప్పాల్సి వస్తుంది. అలాగే ఉంచండి, అన్నాను. సరే మేడమ్ అని పెట్టేశాడు.

వంతెన కూలిన నాటి రాత్రి మావారు సమావేశాల నుంచి వచ్చేసరికి నేను దీపం వేసుకోకుండా కూర్చున్నాను. ఆయన చెప్పులు విడవకుండానే, మన దగ్గర్నుంచి ఉత్తరం వెళ్ళిందా, అన్నారు. వెళ్ళిందన్నాను. చుక్క? లేదన్నాను. ఆయన కూర్చున్నారు. ఏడుస్తారేమో అనుకున్నాను. ఉత్తకాళ్ళతో నవ్వుతూ వచ్చిన మనిషి కోసం ఆయన మొహంలో వెతికాను. ఊపిరి వదిలి, పోనీలే, ఉత్తరమైతే ఉంది కదా, అన్నారు. తెల్లారేసరికి అది పేపర్ల వాళ్ళ దగ్గరుంది. నా వాక్యాలు, నా అంగుళాలు, నా పధ్నాలుగు బోల్టులు, మొదటి పేజీలో. ముందుచూపు గల నాయకుడు. పైవాళ్ళు ఫోను చేశారు, మంత్రి పదవికి మాట ఇచ్చారు. ఏడుగురి మీద నుంచి నడిచి ఆయన అవతలి ఒడ్డుకి చేరారు. ఆయనొక్కరే చేరారు అనడానికి లేదు, ఆ వంతెనకి ఈ చివర పట్టుకున్నది నేను. చెల్లి మొన్న కూడా ఫోను చేసింది, వాళ్ళాయన ఇప్పుడు ఉద్యోగానికి నడిచి వెళ్ళొస్తున్నాడట, నీ చేతి చలవ అక్కా, అంది.

పక్కన కుట్టుపని ఆమె ఏదో చెబుతోంది. కూతురి స్కూలు బట్టల గురించి. ఆ వారమే కొత్త జత కుట్టిందట, ఎదిగే పిల్ల కదా అని కింద మూడు వేళ్ళ మడత లోపలికి పెట్టి.

"మడత ఇంకా ఇప్పలేదమ్మా," అంది. "ఇప్పి ఏం చేస్తాను."

అని నా కొంగు మీద పడ్డ నీటిచుక్కని తన కొంగుతో అద్దింది.

బంట్రోతు కుర్చీ కిర్రుమంది. లోపలికి వెళ్ళాడు, ఎవర్ని పిలవాలో అడిగి రావడానికి. ఇంజనీరు లేచాడు. నీళ్ళ కోసం లేచినట్టు కూజా దాకా వచ్చి, గ్లాసు పట్టుకుని, తాగకుండా, నావైపు తిరక్కుండా మాట్లాడాడు. ఫోనులో గొంతే.

"చుక్క సంగతి చెప్పాను మేడమ్. ఫోను సంగతి చెప్పలేదు."

నేను చేతి గడియారం వైపు చూశాను.

"మా ఆవిడ చెప్పమని గోల. చెబితే సగం నేరం మీ మీదకి పోతుంది, నా మీద సగం తగ్గుతుంది." గ్లాసు బోర్లించాడు. "కానీ ఆ కొలతలు నేను కూడా చదివాను కదా. చదివి కూడా మిమ్మల్ని అడిగాను. వెళ్ళి చూడాల్సింది. నా వంతు నేను చెప్పుకున్నాను. ఆ ఫోనుకి ఆ చివర ఉన్నది మీరు."

వెళ్ళి తన చోట కూర్చున్నాడు. కుట్టుపని ఆమె, ఏమంటున్నాడమ్మా, బతిమాలుకుంటున్నాడా, అని అడిగింది. లేదు, అన్నాను. నా గొంతు నాకే కొత్తగా ఉంది. రెండే మాటలు. నాకు తెలియదండీ. అని ఇంటికి వెళ్ళి కుక్కరు పెట్టుకోవచ్చు. సోమవారం ముందు వరసలో కూర్చోవచ్చు. ఈమె నా చేతులు పట్టుకుని దీవించి వెళ్తుంది, ఆ తొడుగు వేసిన కాగితాన్ని గోడకి తగిలించుకుంటుంది, దాని కింద కూర్చుని ఎవరి పిల్లలకో బట్టలు కుడుతుంది, బతికినంతకాలం నా అబద్ధాన్ని చూసుకుంటూ. చెబితే నన్నేమంటుంది? ఆ సుద్ద చేతులు నన్నేం చేస్తాయి? మావారు ఏమంటారో నాకు తెలుసు, ఏమీ అనరు, ఊపిరి మాత్రం వదులుతారు. బొబ్బలెక్కిన ఆ అరికాళ్ళు గుర్తొచ్చాయి. అవి ఉన్న మనిషి ఇవాళ ఈ గదిలో ఉంటే ఎక్కడ కూర్చునేవాడు.

తలుపు తెరుచుకుంది. బంట్రోతు చీటీ చూసి మావారి పేరు చదివి, ఆయన గారి భార్య, అన్నాడు. నేను లేచాను. నాతోపాటే ఆమె లేచింది. నా భుజం మీద మడతలు సరిచేసింది, కొత్త జాకెట్టు తొడిగి చూసేవాళ్ళని సర్దినట్టు.

"ధైర్యంగా చెప్పండమ్మా. రాసినవాళ్ళకి భయమెందుకు?"

బంట్రోతు హాజరు పుస్తకం నావైపు తిప్పి గడి చూపించాడు. కలం పట్టుకోగానే చెయ్యి తనంతట తను పడవలా వంగబోయింది, ఆపాను. నా పేరు. డిగ్రీ పట్టా మీద ఉన్న పేరు. ఎన్నేళ్ళయిందో రాసి, అక్షరాలు ఒకదాన్నొకటి గుర్తుపట్టనట్టు దూరం దూరంగా పడ్డాయి. రాయడం అయ్యాక కలం ఎత్తలేదు. మొన కిందకి జరిగింది, ఆగింది. ఈసారి నొక్కాను. కాగితం అవతలికి దిగేంత గట్టిగా.

ఎదుటి బెంచీ మీద ఇంజనీరు తల ఎత్తాడు.

బంట్రోతు పుస్తకం మీదకి వంగి, "ఇంకు పడిందమ్మా," అంటూ అద్దుడు కాగితం తీశాడు. "అద్దెయ్యనా?"

"వద్దు," అన్నాను. "అలాగే ఉంచండి."